రాజభవనం బయట ఉన్న చెల్లెళ్ళు

నిన్న రాత్రి అమ్మతో కలిసి ‘ప్రేమ్ రతన్ ధన్ పాయో’ మళ్ళీ చూశాను. 2015 దీపావళికి సూరజ్ బర్జాత్యా తీసిన సినిమా. తెలుగులో ‘ప్రేమలీల’గా వచ్చింది, సల్మాన్ ఖాన్‌కి రామ్ చరణ్ గొంతు ఇచ్చాడు.

మొదటిసారి చూసినప్పుడు నా కళ్ళన్నీ ఆ కోట మీదే. అద్దాల మహల్, దీపాలు, సోనమ్ కపూర్ లెహంగాలు, పాట మొదలైతే తెర నిండా రంగులే. ఈసారి మాత్రం మనసు యువరాజు చెల్లెళ్ళ దగ్గర ఆగిపోయింది. తండ్రి ఒక్కడే, తల్లి వేరు. అందుకని అంత పెద్ద భవనంలో వాళ్ళకి చోటు లేదు. పెద్దమ్మాయిగా స్వరా భాస్కర్ కళ్ళలో ఎంత కోపం ఉందో, అన్న ఒక్కసారి మనసారా పిలిస్తే చాలన్న ఆశా అంతే ఉంది. రామలీలలో వేషాలు వేసుకునే మామూలు మనిషి ప్రేమ్, అచ్చం యువరాజులాగే ఉండటంతో అతని స్థానంలోకి వచ్చి వాళ్ళ కోసం తపిస్తాడు. వాళ్ళతో అతను ఆడే ఫుట్‌బాల్ ఆట అవాస్తవంగా ఉందని చాలామంది అన్నారు. నాకు మాత్రం అక్కడే ఏడుపొచ్చింది.

ఇదే దర్శకుడు సల్మాన్‌తో తీసిన ‘ప్రేమ పావురాలు’, ‘ప్రేమాలయం’ మా అమ్మ తరం సినిమాలు. వాటిలో సల్మాన్‌కి హిందీలో పాడింది మన బాలుగారేనని ఆమె ఇప్పటికీ గర్వంగా చెబుతుంది. నిన్న మాత్రం సినిమా అయ్యాక ఏమీ మాట్లాడలేదు. కాసేపటికి ఫోన్ తీసుకుని, మూడేళ్ళుగా మాటల్లేని మా మావయ్యకి చేసింది.

“తిన్నావా అన్నయ్యా?” అంది.