మిక్సీ కాలిపోయిన వారం: పప్పుగుత్తితో మిల్క్‌షేక్

మే నెల రెండో వారంలో మా మిక్సీ కాలిపోయింది. ఇడ్లీకి మినప్పప్పు రుబ్బుతుంటే ముందు వాసన వచ్చింది, తర్వాత సన్నగా పొగ. కిందనున్న ఎర్ర బటన్ ఎన్నిసార్లు నొక్కినా ఉలుకూ పలుకూ లేదు. రిపేరు షాపాయన విప్పి చూసి, "కాయిల్ పోయిందమ్మా, వైండింగ్ చేయించాలి, రెండ్రోజులు పడుతుంది" అన్నాడు. రిపేరు షాపుల్లో రెండ్రోజులంటే ఎన్ని రోజులో అందరికీ తెలిసిందే.

సరిగ్గా ఆ మర్నాడే మా అక్క పిల్లలిద్దరూ హైదరాబాద్ నుంచి విజయవాడలో దిగారు. పెద్దదానికి పన్నెండేళ్లు, చిన్నవాడికి ఎనిమిది. రైలు దిగిన వేడికి చిన్నవాడు చెప్పులు కూడా విప్పకుండా, "పిన్నీ, మిల్క్‌షేక్ చేస్తానన్నావుగా ఫోన్‌లో" అన్నాడు. అన్నాను మరి. అప్పటికి మిక్సీ ఉంది.

"ఆర్డర్ పెట్టేద్దాం పిన్నీ" అంది పెద్దది. పెట్టొచ్చు. కానీ రోజుకి రెండుసార్లు, ఇద్దరికి, పది రోజులు ఆర్డర్ పెడితే ఎంతవుతుందో లెక్కేసుకున్నాక నాకు పట్టుదల వచ్చింది. ఇంట్లో చక్కెరకేళి అరటి అత్తం ఒకటి ముగ్గిపోవడానికి సిద్ధంగా ఉంది. పాలున్నాయి. ఒక మోటారు లేనంత మాత్రాన ఇంత టెన్షన్ ఎందుకు?

మొదటిరోజు రెండు ప్రయత్నాలు చేశాను, రెండూ పోయాయి. అరటిపండు ముక్కలు గ్లాసులో వేసి, ఫోర్కుతో నలిపి, పైన చల్లటి పాలు పోసి గబగబా తిప్పాను. పండు అడుగున, పాలు పైన. చిన్నవాడు స్పూనుతో పండు తినేసి పాలు అక్కడే వదిలేశాడు. సరే, షేక్ అంటే ఊపడమే కదా అని, స్కూలుకి తీసుకెళ్లే స్టీలు బాటిల్లో అన్నీ వేసి ఇద్దరిచేతా ఊపించాను. మూత సరిగ్గా బిగించలేదు. గోడమీది క్యాలెండర్‌లో మూడో వారం మొత్తం పాలపాలయింది. పోనీ మిగిలిందైనా బాగుందా అంటే, ఉండలు బాటిల్ మూతి దగ్గర ఇరుక్కుని, ఒక్కసారిగా మొహం మీద పడ్డాయి.

ఇదంతా మా అత్తయ్య హాల్లోంచి చూస్తూనే ఉన్నారు. ఆవిడ వెంటనే ఏదీ చెప్పరు, మనం రెండుసార్లు చెడగొట్టాక చెబుతారు. "అమ్మాయ్, రాగిజావ కాచేటప్పుడు చెంబెడు నీళ్లలో పిండి ఒక్కసారే పోసేస్తావా?" అన్నారు. పోయను. ముందు కాసిని నీళ్లతో పిండిని జారుగా కలిపి, అప్పుడు మిగతా నీళ్లు పోస్తాను. లేకపోతే ఉండలు కడుతుంది.

నేను చేసిన తప్పు అదే. పాలు ముందే పోసేస్తే పండుముక్క పలచటి పాలలో ఈదుతూ తప్పించుకుంటుంది. మనం ఎంత తిప్పినా దానికి ఒత్తిడి తగలదు. పాలు లేకుండా మెదిపితే ఎటూ పోలేదు, గిన్నెకీ గుత్తికీ మధ్య నలుగుతుంది. మిక్సీ బ్లేడు నిమిషానికి వేలసార్లు తిరుగుతుంది కాబట్టి మన తప్పుల్ని కప్పేస్తుంది. చేత్తో చేసేటప్పుడు ఏది ముందు, ఏది వెనక అన్నదే పని అంతా.

రెండోరోజు పొద్దున పప్పుగుత్తి తీశాను. బాగా ముగ్గి, తొక్కమీద నల్లచుక్కలు పడ్డ పళ్లు నాలుగు ఒలిచి, అడుగు మందంగా ఉన్న లోతు గిన్నెలో వేశాను. రెండు చెంచాల పంచదార కూడా అప్పుడే. పంచదార పలుకులు గరుగ్గా ఉండి పండుని నూరడానికి సాయం చేస్తాయి, పైగా పండులోంచి నీరు లాగి ముద్దని జారుగా చేస్తాయి. మూడు నాలుగు నిమిషాలు మెదిపేసరికి పళ్లు మెరిసే ముద్దయ్యాయి. అప్పుడు రెండు గరిటెల పాలు పోసి కలిపాను, కలిశాక మరో రెండు గరిటెలు. దోసెపిండి జారుకి వచ్చాక మిగతా పాలన్నీ పోసి, కవ్వంతో చిలికాను. మా కవ్వం చిన్నది, తాడు అక్కర్లేదు, రెండు అరచేతుల మధ్యా తిప్పడమే. ఐదు నిమిషాలకి పైన వేలెడు నురగ లేచింది. నాకు గర్వంగా కూడా అనిపించింది.

పెద్దది ఒక గుటక వేసి గ్లాసు కింద పెట్టింది. "పిన్నీ, పప్పు వాసనొస్తోంది."

వచ్చింది, నిజమే. పప్పుగుత్తి చెక్కది, ఏళ్ల తరబడి పప్పుచారు, ఇంగువ తాగి ఉంది. కవ్వమేమో మజ్జిగ పీల్చుకుని ఉంది. చిన్నవాడు తాగేశాడు గానీ, వాడు ఏదైనా తాగుతాడు. ఆ మధ్యాహ్నం గుత్తినీ కవ్వాన్నీ మరిగే నీళ్లలో ఉప్పేసి నానబెట్టి, తోమి, డాబా మీద ఎండబెట్టాను. విజయవాడ మే ఎండకి సాయంత్రానికల్లా కటకటలాడాయి. అయినా గుత్తిలో ఇంగువ పూర్తిగా పోలేదు. బజారుకి వెళ్లి కొత్త గుత్తి ఒకటి తెచ్చాను, ఇప్పుడది పళ్లకే. మీరూ చేసేటట్టయితే పప్పుకి వాడేదాని జోలికి పోకండి. కొత్తది లేకపోతే స్టీలు గ్లాసు అడుగుతో మెదిపినా పని జరుగుతుంది, చెయ్యి కాస్త నొప్పెడుతుందంతే. కవ్వానికి మాత్రం ఎండ సరిపోయింది. దాన్ని సరిగ్గా కడగకపోతే వాసనొక్కటే కాదు, మిగిలిన పాలు తోడుకునే ప్రమాదం కూడా ఉంది.

ఇక చిక్కదనం. షాపులో ఐస్‌క్రీమ్ వేసి తిప్పుతారు కాబట్టి స్ట్రా నిలబడుతుంది. మనది ఎంత చిలికినా అరటిపండు పాలే. అందుకని పాలనే గడ్డకట్టించాలనుకున్నాను. కాచి చల్లార్చిన పాలు, మీగడ తేలకుండా వడకట్టి, అందులో సగాన్ని వెడల్పాటి స్టీలు పళ్లెంలో పోసి డీప్‌ఫ్రిజ్‌లో పెట్టాలి. మూడు గంటలకి అంచులు గడ్డకట్టి, మధ్యలో సగం సగం ఉంటుంది. దాన్ని ఫోర్కుతో గీరితే మంచుపొడిలా వస్తుంది. ఆ పొడిని అరటి ముద్దలో కలిపి చిలికితే, షాపులో అంత కాదుగానీ, గ్లాసు వంచితే నెమ్మదిగా జారేంత చిక్కగా వస్తుంది. వెన్న శాతం ఎక్కువున్న పాలైతే ఇంకా బాగుంటుంది. ఫుల్‌క్రీమ్ ప్యాకెట్లో 6 శాతం వెన్న ఉంటే టోన్డ్ పాలలో 3 శాతమే. తేడా నాలిక్కి తెలుస్తుంది.

పాలు గడ్డకట్టే ఆ మూడు గంటలూ పిల్లల్ని ఆపడానికి ఒక కథ చెప్పాను. అమెరికాలో విస్కాన్సిన్ రాష్ట్రంలో రాసీన్ అని ఒక ఊరు. మన హార్లిక్స్ సోదరులు మాల్టెడ్ మిల్క్ తయారుచేసింది అక్కడే. ఆ ఊళ్లోనే 1922లో స్టీఫెన్ పోప్లావ్‌స్కీ అనే ఆయన జాడీ అడుగున తిరిగే బ్లేడు పెట్టాడు, సోడా షాపుల్లో మాల్టెడ్ పాలు కలపడం కోసం. అంటే మనం కొబ్బరి పచ్చడి రుబ్బుకునే మిక్సీకి తాత పుట్టింది షేకుల కోసమేనన్నమాట. "మరి అంతకుముందు?" అన్నాడు చిన్నవాడు. మొదట్లో చేత్తో ఊపేవాళ్లురా, నువ్వు నిన్న ఊపావుగా, అన్నాను. వాడు క్యాలెండర్ వైపు చూశాడు.

నాలుగోరోజు మధ్యాహ్నం కరెంటు పోయింది. పళ్లెంలో పాలు ఇంకా నీళ్లలాగే ఉన్నాయి. వీధి చివర చెరుకురసం బండివాడి దగ్గర ఐసు గడ్డ తెచ్చాను. ఆ ఐసు ఏ నీళ్లతో చేశారో ఏమో, గ్లాసులో వేసే ధైర్యం లేదు. అందుకని పెద్ద బేసిన్లో ఐసు చితక్కొట్టి, మధ్యలో పాల గిన్నె పెట్టాను. పావుగంటైనా చల్లబడ్డాయే తప్ప గడ్డకట్టలేదు. ఎందుకంటే కరుగుతున్న ఐసు సున్నా డిగ్రీల దగ్గరే ఉండిపోతుంది, పాలు గడ్డకట్టాలంటే సున్నాకి ఓ అర డిగ్రీ కిందికి పోవాలి. ఆ అర డిగ్రీ కోసమే కుల్ఫీవాళ్లు ఐసులో ఉప్పేస్తారు. పచ్చళ్లకి తెచ్చిన రాళ్లుప్పు మూడు గుప్పెళ్లు చల్లాను. ఉప్పు తగిలిన ఐసు వేగంగా కరుగుతుంది, కరగడానికి కావలసిన వేడిని చుట్టూ ఉన్నవాటి నుంచి లాక్కుంటుంది, దాంతో అంతా సున్నా కంటే బాగా కిందికి దిగుతుంది. పది నిమిషాల్లో బేసిన్ బయట తెల్లటి మంచు పేరుకుంది. గిన్నె గోడలకి పాలు పొరలుగా అంటుకుంటుంటే పెద్దది గీరుతూ, చిన్నవాడు గిన్నెని అటూ ఇటూ తిప్పుతూ ఇరవై నిమిషాలు కూర్చున్నారు. వాళ్లు అంతసేపు ఫోను ముట్టకుండా ఉండటం ఆ వారంలో అదే మొదటిసారి.

మొదటి గిన్నెలోకి ఉప్పునీళ్లు చింది, ఉప్పటి షేక్ తయారైంది. అది ఎవరూ తాగలేదు. రెండోసారి గిన్నె సగానికి మించి నింపకుండా, అంచు మీద మూత పెట్టి చేశాం. మూత తీసి కవ్వం వేసి చిలుకుతుంటే అత్తయ్య వచ్చి, "షేకు చేస్తున్నావా, వెన్న తీస్తున్నావా?" అన్నారు. నవ్వులాటకే అన్నా, అందులో నిజముంది. చిక్కటి పాలని మరీ ఎక్కువసేపు చిలికితే వెన్న పలుకులు తేలుతాయి. నురగ రాగానే ఆపెయ్యాలి.

మిగతా పళ్ల సంగతి. రసాలకి అసలు పరికరమే అక్కర్లేదు. నూజివీడు రసాలు రెండు అరచేతుల్లో మెత్తగా నలిపి, ముచ్చిక తీసి గిన్నెలోకి పిండితే గుజ్జంతా వచ్చేస్తుంది, పీచు చిల్లుల గిన్నెలో వడకట్టుకోవాలి. అయితే పండు తియ్యగా ముగ్గి ఉండాలి. పులుపున్న కాయతో ఒకసారి చేస్తే పాలు విరిగి, పైన నీళ్లూ కింద పలుకులూ అయ్యాయి. బొప్పాయి మెత్తగా మెదుగుతుంది గానీ చేసిన వెంటనే తాగెయ్యాలి, ఉంచితే చేదెక్కుతుంది. సపోటా నన్ను ఓడించింది. ఎంత మెదిపినా ఇసకలాంటి పలుకులు పోలేదు. పిండి జల్లెడలో గరిటెతో రుద్దితే కొంత నయం, కానీ ఒక గ్లాసుకి అరగంట.

మిక్సీ తొమ్మిదోరోజున వచ్చింది, పిల్లలు వెళ్లే ముందురోజు. సపోటాలన్నీ అందులో వేసి తిప్పేశాను, నున్నగా వచ్చింది, ఎవరికీ చెయ్యి నొప్పెట్టలేదు. అరటిపండుకి మాత్రం ఇప్పటికీ ఆ కొత్త గుత్తే వాడుతున్నాను. రెండు గ్లాసుల కోసం జార్, మూత, వాషర్, బ్లేడు కింద ఇరుక్కున్నదీ అంతా కడగాలంటే నాకు బద్ధకం.

మొన్న అక్క ఫోన్ చేసింది. "ఏం నేర్పించి పంపావే వీళ్లకి? మిక్సీ పక్కన పెట్టుకుని కవ్వం కొనమంటున్నారు. ఇక్కడ మాల్‌లో అడిగితే ప్లాస్టిక్‌ది చూపిస్తున్నాడు." చెక్కదే కొను, కొన్నాక ఒక పూట ఎండలో పెట్టు, అన్నాను.