కొరియన్ యాక్షన్ సినిమా పెట్టే ముందు టీవీలో మార్చాల్సినవి

2010లో వచ్చిన ‘ద మ్యాన్ ఫ్రమ్ నోవేర్’లో హీరో వన్ బిన్ పరుగెత్తుకుంటూ వెళ్లి కిటికీ అద్దం పగలగొట్టుకుని కిందికి దూకుతాడు. కెమెరా కూడా కట్ లేకుండా అతని వెంటే దూకేస్తుంది. షోరూమ్ సెట్టింగులు అలాగే ఉంచిన టీవీలో ఇంత గొప్ప షాటూ డైలీ సీరియల్‌లా తేలిపోతుంది.

కారణం మోషన్ స్మూతింగ్. సినిమా సెకనుకి 24 ఫ్రేములు. మధ్యలో లేని ఫ్రేముల్ని టీవీయే పుట్టించి ఇరికిస్తుంది. మాటల సీన్లలో పెద్దగా తెలీదు గానీ, కత్తి విసిరే చోట చెయ్యి అంచులు కరిగినట్టవుతాయి, దెబ్బకి బరువుండదు. ఎల్‌జీలో ట్రూమోషన్, సోనీలో మోషన్‌ఫ్లో, సామ్‌సంగ్‌లో పిక్చర్ క్లారిటీ... పేరేదైనా ఆపేయండి. ఫిల్మ్‌మేకర్ మోడ్ (సినిమాని తీసినట్టే చూపించే పిక్చర్ సెట్టింగ్) ఉంటే అది పెట్టండి, షార్ప్‌నెస్, నాయిస్ రిడక్షన్ గోల కూడా పోతుంది.

అసలు చిక్కు చీకటితో. ఈ థ్రిల్లర్లలో రాత్రి సీన్లే ఎక్కువ. నల్లకోటు గోడలో కలిసిపోగానే అందరూ బ్రైట్‌నెస్ పెంచేస్తారు, నలుపు కాస్తా బూడిదరంగవుతుంది. ముందు హెచ్‌డీఎంఐ బ్లాక్ లెవెల్ చూడండి, నలుపు నుంచి తెలుపు దాకా ఏ అంకెల మధ్య చదవాలో టీవీకి చెప్పేది అదే. ప్లేయర్ లిమిటెడ్‌లో (16–235) పంపుతుంటే టీవీ ఫుల్‌లో (0–255) ఉంటే నలుపు వెలిసిపోతుంది. అటుది ఇటైతే నీడల్లో ఉన్నదంతా మాయం. రెండు చోట్లా లిమిటెడ్ పెట్టాకే బ్యాక్‌లైట్ జోలికి వెళ్లండి. ఇక గచ్చిబౌలి ఫ్లాట్లలో హాలు పొడుగునా అద్దాల బాల్కనీయే కదా, మధ్యాహ్నం పూట ఏ సెట్టింగూ కాపాడదు. మందపాటి కర్టెన్ వేయండి, లేదా పొద్దుపోయే దాకా ఆగండి.

రాత్రి ఆకాశంలో, పొగలో మెట్లు మెట్లుగా చారలు కనిపిస్తే అది చాలావరకు టీవీ తప్పు కాదు. 1080పీ బ్లూరేలో వీడియో సెకనుకి 40 మెగాబిట్ల దాకా వెళ్లొచ్చు, ఓటీటీలో అదే 1080పీ మామూలుగా పదిలోపే. చారలు ఎన్‌కోడింగ్‌లోనే, అంటే వీడియోని కుదించేటప్పుడే, పడిపోయాయి కాబట్టి 300 ఎంబీపీఎస్ ఫైబర్ పెట్టించుకున్నా పోవు. చీకటి సినిమాకి నా ఓటు డిస్క్‌కే.

కానీ తెప్పించుకునే ముందు రీజియన్, అంటే ఆ డిస్క్ ఏ దేశాల ప్లేయర్లలో ఆడుతుందో చెప్పే కోడ్, చూసుకోండి. బ్లూరేలో కొరియా, అమెరికా ‘ఏ’, మనం ‘సీ’. ‘ఏ’ లాక్ ఉన్న డిస్క్ ఇక్కడి ప్లేయర్‌లో ఆడదు. 4కే యూహెచ్‌డీ డిస్కులకి ఆ బాధ లేదు. కొరియాలో అమ్మే డిస్క్ అయితే ఇంగ్లీష్ సబ్‌టైటిల్స్ ఉన్నాయో లేదో కవర్ వెనక చదవండి.

సౌండ్ విషయానికొస్తే, ఆప్టికల్ కేబుల్ మీద డీటీఎస్-హెచ్‌డీ మాస్టర్ ఆడియో (బ్లూరేల్లో ఉండే, నాణ్యత తగ్గని సౌండ్ ట్రాక్) పూర్తిగా రాదు. దానికి ఈఆర్క్ (టీవీ నుంచి సౌండ్‌ని బయటికి పంపే హెచ్‌డీఎంఐ దారి) ఉండాలి, లేదా ప్లేయర్‌ని రిసీవర్‌కి (స్పీకర్లని నడిపే ఆంప్లిఫయర్ పెట్టెకి) నేరుగా కలపాలి. మాటలు వినబడక, తుపాకీ పేలగానే పక్క ఫ్లాట్ వాళ్లు తలుపు కొట్టే పరిస్థితి ఉంటే పెద్ద శబ్దాలకీ చిన్న శబ్దాలకీ తేడా తగ్గించే నైట్ మోడ్ వేసుకోండి.