ఆ బొమ్మ కింద ఉన్న ఒక్క వాక్యం

పదకొండున్నర దాటింది. బుజ్జి ఎప్పుడో పడుకుంది. ఈయనకి పొద్దున్నే ట్రైను. నేనూ పడుకోవాల్సిందే గానీ ఆ వాక్యం మనసులోంచి పోవట్లేదు.

సాయంత్రం పోస్టులో వచ్చిన పుస్తకం సంగతి. మానసిక రోగాల చరిత్ర మీద తెలుగులో ఓ పుస్తకం వచ్చిందంటేనే నాకు పండగ. దాని పేరూ, రాసినవారి పేరూ ఇక్కడ చెప్పను. తెరవగానే ఒక బొమ్మ. ఆసుపత్రి ఆవరణ, చుట్టూ ఆడవాళ్ళు, మధ్యలో జుట్టు విరబోసుకుని నిలబడ్డ ఒకమ్మాయి, ఆమె ఒంటి మీది ఇనుము విప్పుతున్న ఒకాయన. కింద ఇలా వేశారు: "1793లో బిసెత్ర్ ఆసుపత్రిలో ఫిలిప్ పినెల్ పిచ్చివాళ్ళ సంకెళ్ళు తెంచిన దృశ్యం."

ఒక్క వాక్యంలో ఇన్ని తప్పులా! బిసెత్ర్ పారిస్ దగ్గరి మగవాళ్ళ ఆసుపత్రి. బొమ్మలో ఉన్నదంతా ఆడవాళ్ళే. అది పారిస్‌లోని సాల్పేట్రియేర్, ఆడవాళ్ళ ఆసుపత్రి. తోనీ రొబేర్ ఫ్లెరీ 1876లో వేసిన తైలవర్ణచిత్రం. పినెల్ అనే ఈ ఫ్రెంచి డాక్టరు పోయింది 1826లో, అంటే ఆయన పోయిన 50 ఏళ్ళకి వేసిన బొమ్మ. బిసెత్ర్ మీద వేరే బొమ్మ ఉంది, షార్ల్ మ్యులర్ 1849లో వేసింది. అదీ కంటితో చూసి వేసింది కాదు. అసలు సంగతి ఇంకోటుంది. బొమ్మని కాస్త నిదానంగా చూడండి. గొలుసు విప్పుతున్నది పినెల్ కాదు. పినెల్ పక్కన నిలబడి చూస్తున్నాడు, ఒకావిడ ఆయన చేతిని ముద్దు పెట్టుకుంటోంది. ఇనుము మీద చెయ్యి వేసినవాడు వేరే. ఆ చిత్రకారుడికైనా ఆ మాత్రం పట్టింపు ఉంది.

బిసెత్ర్‌లో జరిగింది ఇదీ. ఝాన్ బాప్తిస్త్ పుస్సాన్ అని ఒకాయన, 1745లో పుట్టాడు. తోళ్ళు ఊనే పని చేసేవాడు. మెడలో గడ్డలు లేచే కంఠమాల వ్యాధితో 1771లో రోగిగా బిసెత్ర్‌లో చేరాడు. నయమయ్యాక అక్కడే ఉండిపోయి, చిన్న పనుల నుంచి మొదలుపెట్టి, 1780ల్లో మానసిక రోగుల వార్డుకి పెద్ద అయ్యాడు. భార్య మార్గెరీత్ కూడా అక్కడే పనిచేసేది. పినెల్ డాక్టరుగా వచ్చింది 1793 సెప్టెంబరులో. వచ్చేసరికే ఆ వార్డు వేరే రకంగా నడుస్తోంది. 1795లో పినెల్ సాల్పేట్రియేర్‌కి వెళ్ళిపోయాడు. బిసెత్ర్‌లో గొలుసులు తీసింది ఆ తర్వాత, 1797 మే-జూన్‌లో. తీసింది పుస్సాన్.

ఇది ఊహ కాదు. పుస్సాన్ తన చేత్తో రాసి ఇచ్చిన నివేదిక ఉంది. డోరా వైనర్ అనే చరిత్రకారిణి దాన్ని 1979లో బయటపెట్టింది. నేను మొదటిసారి చదివినప్పుడు ఏ పనీ తోచక అలా కూర్చుండిపోయాను. అది మహాపురుషుడి వాక్యం కాదు, వార్డు నడిపేవాడి లెక్క. పనివాళ్ళు రోగి మీద చెయ్యి చేసుకోకూడదు, రోగే ముందు కొట్టినా సరే. కొడితే ఉద్యోగం పోతుంది. పనివాళ్ళని ఎక్కణ్ణుంచి తేవాలి? కోలుకుంటున్న రోగుల్లోంచే. వాళ్ళకి వార్డు తెలుసు, గొలుసు బరువూ తెలుసు. ఎంతమంది చేరారు, ఎంతమంది పోయారు, ఎంతమంది ఇంటికెళ్ళారు, అదంతా ఏడాదివారీగా రాసిపెట్టాడు. గొలుసుల మాట దాదాపు ఒక్క వాక్యంలో తేల్చేశాడు. వాటి బదులు తిరగడానికి వీలుగా ఉండే స్ట్రెయిట్‌జాకెట్లు పెట్టానన్నాడు. అంటే పొడవాటి చేతులున్న గట్టి గుడ్డ చొక్కా, చేతులు ముడిచి వెనక కట్టేది.

ఇక్కడ నా కోపం కాస్త పక్కదారి పట్టింది. నిజానికి పినెల్ ఏమీ దాచలేదు. తన గ్రంథంలో పుస్సాన్ పేరు రాశాడు, ఆయన దగ్గర నేర్చుకున్నానన్నాడు, 1802లో సాల్పేట్రియేర్‌కి పిలిపించుకున్నాడు కూడా. మరచిపోయింది తర్వాతి తరం. కొడుకు సిపియోఁ పినెల్, శిష్యుడు ఎస్కిరోల్, ఇద్దరూ కలిసి తండ్రికీ గురువుకీ ఆ ఘనత కట్టబెట్టారు. ఆ కథనే బొమ్మలుగా వేశారు. ఆ బొమ్మలే పుస్తకాలకి ఎక్కాయి. ఇప్పుడు మన తెలుగు పుస్తకంలోకీ వచ్చింది.

ఇంకో కోపం చెప్పనివ్వండి. పుస్తకంలో ఎక్కడైనా పుస్సాన్ పేరుందేమో అని చూద్దామంటే పదసూచి, అదే ఇండెక్స్, లేదు! మన వచన పుస్తకాల్లో నూటికి తొంభై ఇంతే. ముందుమాటలు మూడు ఉంటాయి, పదసూచి ఉండదు. రెండొందల పేజీల పుస్తకానికి నాలుగైదు పేజీలు చాలు. ఒక్కో పేరుకీ ఒక చీటీ. పేజీలు పూర్తిగా స్థిరపడి, ఇక అక్షరం కదలదు అన్నాకే నంబర్లు వేయాలి. ముందే వేస్తే చివర్లో ఒక బొమ్మ పెరిగినా సూచి అంతా తప్పిపోతుంది. పైగా పేర్లు రాసే తీరు ఒకటిగా ఉండాలి. ఈ పుస్తకంలో ఒకే మనిషి 12వ పేజీలో పినెల్, 40లో పినల్, 71లో పైనెల్. సూచి తయారుచేసి ఉంటే ఈ తప్పు వాళ్ళకే కనిపించేది. పదసూచి చదివేవాళ్ళ సౌకర్యం కోసమే అనుకుంటారు గానీ, రాసేవాళ్ళకి అదే ఆఖరి పరీక్ష. మానసిక వైద్య చరిత్ర ఏది చేతికొచ్చినా నేను ముందు తిప్పేది సూచి పేజీలే. 'ప'లో పుస్సాన్ ఉన్నాడా? 'అ'లో అటెండర్లు ఉన్నారా? లేకపోతే అది డాక్టర్ల చరిత్ర, ఆసుపత్రి చరిత్ర కాదు.

సూచి ఉన్నా సరిపోదు, ఏ కూర్పు చదువుతున్నామో కూడా చూడాలి. ఫ్రెంచి తత్వవేత్త ఫూకో 1961లో ఫ్రెంచిలో రాసిన లావుపాటి ఉన్మాద చరిత్రని ఇంగ్లీషులోకి 1965లో బాగా కుదించి తెచ్చారు, ఫుట్‌నోట్లు చాలామటుకు ఎగిరిపోయాయి. పూర్తి అనువాదం వచ్చింది 2006లో. మధ్యలో 40 ఏళ్ళు ఇంగ్లీషులో ఆయనతో వాదించినవాళ్ళలో చాలామంది వాదించింది సగం పుస్తకంతో.

సరే, మళ్ళీ వార్డుకే వస్తాను. ఇన్సులిన్ కోమా చికిత్స గురించి ఈ పుస్తకం ఒక పేరాలో "క్రూరమైన పద్ధతి" అని ముగించింది. అలా అంటే ఏం తెలుస్తుంది? పద్ధతి చెప్పాలి కదా. మాన్‌ఫ్రెడ్ జాకెల్ 1933లో వియన్నాలో ప్రకటించాడు. స్కిజోఫ్రీనియా రోగికి పొద్దున్నే పరగడుపున ఇన్సులిన్ ఇంజెక్షన్. తక్కువ మోతాదుతో మొదలుపెట్టి, రక్తంలో చక్కెర పడిపోయి మనిషి కోమాలోకి జారేదాకా రోజుకింత పెంచుతారు. కోమాలో కాసేపు ఉంచి, ముక్కులోంచి వేసిన గొట్టంతో చక్కెర నీళ్ళు పోస్తారు, లేదా నరానికి గ్లూకోజ్ ఎక్కిస్తారు. వారానికి ఐదారు రోజులు, యాభై అరవై కోమాల దాకా. ప్రమాదాలు రెండు. ఒకటి, గ్లూకోజ్ ఇచ్చినా తెలివి రాకపోవడం. మెదడు దెబ్బతినేది, ప్రాణాలు పోయేది అక్కడే. రెండోది, లేచి తిరుగుతున్న మనిషి సాయంత్రం మళ్ళీ హఠాత్తుగా పడిపోవడం. అందుకని నర్సులు రోజంతా కనిపెట్టుకుని ఉండాలి, చెమట, నాడి, కళ్ళు చూస్తూ.

మరి ఇరవై ఏళ్ళు అందరూ అది పనిచేస్తోందని ఎందుకు నమ్మారు? 1953లో హెరాల్డ్ బోర్న్ అనే కుర్ర డాక్టరు లాన్సెట్ అనే వైద్య పత్రికలో అదే అడిగాడు. ఇన్సులిన్ వార్డుకి ఎవరిని ఎంచుతున్నారు? జబ్బు కొత్తగా వచ్చినవాళ్ళని, ఒంట్లో ఓపిక ఉన్నవాళ్ళని, అంటే ఎటూ కోలుకునే అవకాశం ఎక్కువ ఉన్నవాళ్ళని. వాళ్ళకి ప్రత్యేకమైన వార్డు, మంచి తిండి, పక్కనే కూర్చునే నర్సు. పెద్దలు ఆయన మీద విరుచుకుపడ్డారు. 1957లో ఆక్నర్, హారిస్, ఓల్డ్‌హామ్ పోల్చి చూశారు. అదే వార్డు, అదే సేవ. కొందరిని ఇన్సులిన్‌తో, మరికొందరిని బార్బిట్యురేట్ మందుతో నిద్రపుచ్చారు. తేడా కనపడలేదు. మేలు ఏదైనా జరిగి ఉంటే అది ఇన్సులిన్ వల్ల కాదు. వందల మంది పడకల మధ్య ఎవరికీ పట్టకుండా పడున్న మనిషి పక్కన రోజూ ఒకరు కూర్చోవడం వల్ల జరిగి ఉండాలి. నా దృష్టిలో మొత్తం మానసిక వైద్య చరిత్రలో ఇంత విలువైన వైఫల్యం ఇంకోటి లేదు. దాన్ని ఒక్క విశేషణంతో కొట్టేస్తారా?

నయమైనవాళ్ళ లెక్కలూ అంతే. అమెరికాలో ప్లైనీ ఎర్ల్ 1877లో చూపించాడు. శాతాలు వేసింది మనుషుల మీద కాదు, కేసుల మీద. ఒకే రోగి చేరి, వెళ్ళి, మళ్ళీ చేరి, మళ్ళీ వెళితే ప్రతిసారీ ఒక 'నయం' రాసుకున్నారు. మద్రాసు ప్రెసిడెన్సీలో మూడు ఆసుపత్రులకి ఏటా నివేదికలు అచ్చయ్యేవి: మద్రాసు, కాలికట్, విశాఖపట్నం. మన చినవాల్తేరు మాట ఎత్తి నవ్వుకునేవాళ్ళంతా ఒక్కసారైనా ఆ పట్టికలు తిరగేయాలి. స్కాట్‌లాండ్ జాతీయ గ్రంథాలయం వాళ్ళు స్కాన్ చేసి అందరికీ ఉచితంగా పెట్టారు. చదివేటప్పుడు ముందు అడగాల్సింది, శాతం దేని మీద కట్టారని. ఆ ఏడు చేరినవాళ్ళ మీదా, రోజువారీ సగటు సంఖ్య మీదా? ఒకటే సంఖ్య రెండు రకాలుగా కనిపిస్తుంది.

సర్పగంధ మొక్క గురించైతే ఈ పుస్తకంలో ఒక్క మాటా లేదు. 1931లో కలకత్తాలో గణనాథ్ సేన్, కార్తిక్ చంద్ర బోస్ దాన్ని పిచ్చికీ రక్తపోటుకీ మందుగా ప్రకటించారు. స్విట్జర్లాండ్‌లో సీబా కంపెనీ అందులోంచి రిసర్పిన్ అనే మందు తీసింది 1952లో. ఇంగ్లీషు పుస్తకాల్లో చాలావాటికి ఈ కథ 1954లో న్యూయార్క్‌లో నేథన్ క్లైన్‌తో మొదలవుతుంది. వాళ్ళు వదిలేశారంటే సరే, మనమూ వదిలేస్తే ఎలా?

రచయితకి గట్టిగా ఉత్తరం రాద్దామని కూర్చుని సగం రాశాను కూడా. 'పినెల్‌ని తీసేసి పుస్సాన్‌ని పెట్టండి' అని. రాస్తూ రాస్తూ ఆగిపోయాను. ఒక వీరుణ్ణి దించి ఇంకొకణ్ణి ఎక్కిస్తే మార్గెరీత్ సంగతేంటి? రోగులుగా వచ్చి పనివాళ్ళయినవాళ్ళ సంగతేంటి? గొలుసు ఎందుకుందో ముందు అర్థం కావాలి. గొలుసు అంటే రాత్రి మేలుకుని ఉండాల్సిన మనిషికి బదులు పెట్టిన ఇనుము. దాన్ని తీయాలంటే ఆ మనిషిని తెచ్చి, జీతమిచ్చి, కొట్టకుండా ఓర్చుకోవడం నేర్పాలి. 1839లో లండన్ దగ్గర హాన్‌వెల్‌లో జాన్ కోనలీ సుమారు 800 మందికి కట్లన్నీ మాన్పించినప్పుడూ కీలకమైంది పనివాళ్ళే.

పుస్సాన్ గొలుసులు తీసిన 204 ఏళ్ళకి, 2001 ఆగస్టు 6 తెల్లవారుజామున, తమిళనాడులోని ఎర్వాడిలో మానసిక రోగులని ఉంచిన ఒక పాకకి నిప్పంటుకుంది. గొలుసులతో కట్టేసి ఉన్న 28 మంది చనిపోయారు. పరిగెత్తలేకపోయారు, అంతే. పక్కవాళ్ళ కేకలు విని ఉంటారు. దీని గురించి ఎక్కువ రాయలేను ఈ రాత్రి.

మన 2017 మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టంలో 95వ సెక్షన్ ఏ రూపంలోనూ గొలుసు వేయకూడదంటుంది. మత్తూ, కండరాలు సడలించే మందూ లేకుండా కరెంటు ట్రీట్‌మెంట్ ఇవ్వకూడదనేదీ అందులోనే. నాకు మాత్రం ఎప్పుడూ 97వ సెక్షన్ దగ్గర కళ్ళు ఆగుతాయి. అందులో ఒక మాట ఉంది: సిబ్బంది చాలట్లేదన్న కారణంతో రోగిని కట్టేయకూడదు. ఆ వాక్యం రాసినవాళ్ళకి వార్డు తెలుసు.

ఈ పుస్తకం చెడ్డదని అనుకోకండి. ఎర్వాడి అధ్యాయం బాగా రాశారు, 1858, 1912, 1987 చట్టాల తేడాలు ఓపిగ్గా విడమరిచారు. అసలు ఈ పని తెలుగులో ఎవరు చేస్తున్నారు? అందుకే ఆ ఉత్తరం చింపేశాను. బొమ్మ కింద వాక్యం సరిచేసి, పుస్సాన్ నివేదిక వివరాలు ఇచ్చి, రెండో ముద్రణకి పదసూచి వేయమని అడుగుతాను. కావాలంటే చేసిపెడతానని కూడా రాస్తాను.

చివరి ఖాళీ పేజీల్లో పెన్సిల్‌తో మొదలుపెట్టాను కూడా. సగం పుస్తకం అయ్యేసరికి 'గొలుసు' కింద 11 పేజీలు వచ్చాయి. 'అటెండర్' కింద ఒకటి.