ఉడికిస్తే పోని విషం

సంక్రాంతికి మా వీధిలో ఒకరు పెరట్లో కాసిన పెద్ద తీపి గుమ్మడికాయ కోసి ఇంటింటికీ తలో ముక్క పంచారు. ఫ్రిజ్ నిండా పండగ సరుకే కావడంతో మా ముక్క వంటగట్టు మీదే ఉండిపోయింది. కనుమ నాటికి లోపలి పీచు జిగురుగా తగిలింది. “అంతవరకు గీకేసి వండమ్మా, ఉడికితే ఏమీ కాదు” అన్నారు అత్తయ్య. దప్పళం పెట్టాం. రుచిలో తేడా ఏమీ తెలియలేదు.

తిన్న కొన్ని గంటలకే నాకు వాంతులు, ఆ వెనకే విరేచనాలు. అర్ధరాత్రికి నాలుక పిడచకట్టుకుపోయింది. లేచి నిలబడితే కళ్లు బైర్లు కమ్మాయి. మూత్రం కూడా రాకపోయేసరికి మావారికి టెన్షన్ పట్టుకుని ఆసుపత్రికి తీసుకెళ్లారు, సెలైన్ ఎక్కించారు. తక్కువ తిన్న మిగతావాళ్లకి కడుపునొప్పితో సరిపోయింది.

ఫలానా క్రిమి వల్లే అని తేల్చలేమన్నారు డాక్టరుగారు. కానీ స్టెఫిలోకాకస్ లాంటి బ్యాక్టీరియా ఆహారంలో వదిలే విషం ఉడికించినా పోదట. క్రిములు చస్తాయి, విషం మిగులుతుంది. ఉడికితే ఏమీ కాదన్నది తరతరాలుగా మనం నమ్మిన మాట కదా, ఇది వినగానే భయమేసింది.

ఇంటికొచ్చాక ఓఆర్ఎస్సే ఆధారం. లీటరు ప్యాకెట్‌ని సరిగ్గా లీటరు కాచి చల్లార్చిన నీళ్లలో కలిపి, గుక్కగుక్కగా తాగాను. గటగటా తాగితే మళ్లీ వాంతి అయ్యేది. తర్వాత గంజి, అరటిపండు, మజ్జిగన్నం. నీరసం మాత్రం చాలాకాలం వదల్లేదు.

కోయని గుమ్మడికాయ గట్టి తొక్క పుణ్యాన నెలల తరబడి ఉంటుంది. కోశాక ఆ రక్షణ పోతుంది. ఇప్పుడు ముక్క ఇంటికి రాగానే గింజలు, పీచు తీసేస్తాను, కుళ్లు ఎక్కువగా అక్కడే మొదలవుతుంది. తడి తుడిచి, మూత డబ్బాలో ఫ్రిజ్‌లో పెట్టి నాలుగైదు రోజుల్లో వండేస్తాను. మిగిలేలా ఉంటే ముక్కలు తరిగి ఫ్రీజర్‌లో పెడతాను. అంచులు కాస్త ఎండితే ఫర్వాలేదు, ఆ పొర చెక్కేస్తే చాలు. జిగురు, పులిసిన వాసన, నొక్కితే లోపలికి పోయే మెత్తదనం, బూజు, వీటిలో ఏది కనిపించినా ముక్క మొత్తం పారేస్తాం. మెత్తని గుజ్జులో బూజు కంటికి కనిపించిన మేర దాటి లోపలికి పాకుతుంది. ఈ విషయంలో అత్తయ్య ఇప్పుడు నాకన్నా గట్టిగా ఉన్నారు.

ఇంకొకటి. కాయ తాజాగా ఉన్నా చేదుగా ఉంటే వెంటనే ఉమ్మేయండి. కుకుర్బిటాసిన్ అనే పదార్థం వల్ల ఆ చేదు వస్తుంది, అదీ ఉడికితే పోదు.