ఫోన్ పక్కన పెడితేనే

"నువ్వు వీడియో ఆపితేనే చెయ్యి పెడతా" అంది మా పాప.

అనంతపురంలో మా మిద్దె మీద, పొద్దున ఏడు గంటలకు. దాని ముందు బేసిన్లో మూడు రోజులు నానిన పాత పేపర్లు, రోలు దగ్గర మా అమ్మ. నేనేమో ఫోన్ అడ్డంగా పట్టుకుని "జేజి చెప్పేది విను తల్లీ, కొంచెం నవ్వు" అంటున్నా. ఇంతసేపూ నా వేలికి తడి తగల్లేదన్న సంగతి తొమ్మిదేళ్ల పిల్ల చెప్పాక గానీ నాకు తట్టలేదు.

అమ్మ చేసేది కాగితాల గంప. పేపర్లు చింపి నానేసి, రోజూ నీళ్లు మార్చి, మూడో రోజు గట్టిగా పిండి, నానిన మెంతులతో కలిపి రుబ్బుతుంది. మెంతుల జిగురే కాగితాన్ని పట్టి ఉంచేది. మైదా గంజి పోస్తే పని తొందరగా అవుతుంది కదా అని నా తెలివి ఒకటి చూపించాను. "గంజికి పురుగు పడ్తాదప్పా. చేదుకు యాడ పడ్తాది?" అంది. బోర్లించిన సత్తు గిన్నె మీద తడిగుడ్డ కప్పి, ముద్దను వేలి మందాన అద్దుకుంటూ అంచుదాకా వస్తుంది. చూస్తే అంతే. చేస్తే తెలుస్తుంది.

చిన్నప్పుడు స్నేహితులు ఇంటికొస్తున్నారంటే నేను ముందు చేసే పని ఆ గంపను బియ్యం మూటల వెనక్కి తోసేయడం. వాళ్ల ఇళ్లలో స్టీలు డబ్బాలు. మా గంప మీద సరిగా నలగని చోట సినిమా ప్రకటన అక్షరాలు సగం సగం కనబడేవి. ఇప్పుడు అదే గంపను పట్టుకుని పాపకు "మన సంస్కృతి" అని పాఠం చెబుతున్నా.

"సంస్కృతి కోసం చేశారా, డబ్బాలు కొనడానికి డబ్బుల్లేకనా?" అని అడిగింది, సగం ఇంగ్లీషులో.

ఏడాదికి సగటున 550 మిల్లీమీటర్ల వాన పడే జిల్లా, అదీ వేళకు పడదు, చెనిక్కాయ పంట ఎండిన ఏడు ఇంట్లో ఏదీ పారేసేవాళ్లం కాదు... అంటూ మొదలుపెట్టాను.

"అంటే డబ్బుల్లేకనే."

అవును మరి. అక్కడ, మేముండే పరాయి దేశంలో, మా హాల్లో రీసైకిల్డ్ కాగితంతో చేసిన బుట్ట ఒకటుంది. 38 డాలర్లు పోసి కొన్నాను. ఆ ధర అమ్మకు ఇంతవరకు చెప్పలేదు. పైగా "మా దగ్గర పాత పేపర్లన్నీ నీలం డబ్బాలో వేస్తాం, మళ్లీ కాగితం చేస్తారు" అని గొప్పలు పోయాను. "ఎవరు చేస్తారు?" అంది అమ్మ. 2018లో చైనా బయటి దేశాల పాత ప్లాస్టిక్, కలగలుపు కాగితం తీసుకోవడం ఆపేశాక మా డబ్బాలోది ఎటు పోతోందో నేనెప్పుడూ కనుక్కోలేదు. మాట మార్చాను.

పిల్లల్ని ఊరికి తీసుకెళ్తే పెద్దవాళ్లతో కలిపి ఏదైనా పనిలో పెట్టండి, భాష దానంతటదే వస్తుందని నేను నలుగురికీ చెబుతుంటాను. ఇప్పుడా మాట చెప్పాలంటే నోరు రావడం లేదు. దానికి గంప నేర్పాలనుకున్నానా, మూటల వెనక్కి తోసిన తప్పును దాని చేతులతో దిద్దించుకుందామనుకున్నానా?

ఫోన్ పక్కన పెట్టాను. ముగ్గురం కూర్చున్నాం. మెంతుల వాసన రెండు రోజులు గోళ్లలోంచి పోలేదు. నేను అద్దిన పక్క మధ్యాహ్నానికే పగుళ్లిచ్చింది. "నువ్వు సరిగ్గా పిండలేదురా" అంటూ అమ్మ దాన్ని మళ్లీ మెత్తింది. పాప వైపు చక్కగా ఉంది. అది జేజితో మాట్లాడింది కూడా మూడే మాటలు: "ఇంగా తడి ఉండాదా?" రోజుకు నాలుగుసార్లు మిద్దెక్కి అదే అడిగేది. నేను నేర్పని యాస.

బయల్దేరే ముందు రాత్రి పెట్టెలో చోటు లేదన్నాను. గంపకు బరువు లేదు, పొట్ట పెద్దది. పొడులు, పచ్చళ్లు తీసేయడానికి నా ప్రాణం ఒప్పలేదు. పాప తన బట్టలన్నీ గంపలో కుక్కి పెట్టెలో దించింది. "ఇప్పుడు చోటు పోలేదు కదా" అంది.

ఇంటికొచ్చాక దాని గదిలో అల్మరా మీద పెట్టింది. జుట్టు రబ్బర్లు, క్లిప్పులు వేసుకోమన్నాను.

"వద్దు. చెనిక్కాయలే పోయాలంట. జేజి చెప్పింది."

ఇక్కడి షాపులో దొరికే ప్యాకెట్టు అడుక్కి కూడా చాలదు.