సీ హాక్‌కి పొగ గొట్టం ఎక్కడ?

వాస్కో స్టేషన్ బయట టాక్సీ అతను ఐదొందలన్నాడు. బొగ్మాలో దారిలో నేవీ విమానాల మ్యూజియం పది కిలోమీటర్లు కూడా ఉండదు. గోవాలో మీటరు మాట ఎత్తకూడదని అమరావతి ఎక్స్‌ప్రెస్‌లోనే ఎవరో హెచ్చరించారు. పంతం పట్టి మినీబస్సు ఎక్కాను. చేపల బుట్ట పక్కన, నిలబడే.

నేనొచ్చింది సీ హాక్ కోసం, మన నేవీ పాత జెట్ యుద్ధ విమానం. చూడగానే ఉసూరుమన్నాను. బీచ్ రోడ్డులో టీయూ-142 అనే భారీ నేవీ విమానం కింద తిరిగిన వైజాగ్ వాడికి ఇది దాని పిల్లలా ఉంది. వెనక్కెళ్లి పొగ గొట్టం వెతికాను. లేదు! తోక చివర మూసేసి ఉంది.

"అక్కడ కాదు," అన్నాడొక పెద్దాయన హిందీలో. రిటైరైన నావికుడట. రెక్కల మొదట్లో రెండు పక్కలా ఉన్న కంతలు చూపించాడు. ఇంజను ఊదే వేడిగాలిని రెండు పాయలు చేసి అటూ ఇటూ వదిలారట, వెనక భాగం ఇంధనానికి మిగలాలని. 1947లో మొదటి నమూనా ఎగిరింది. బ్రిటన్‌లో హాకర్ కంపెనీ సిడ్నీ కామ్ బుర్ర అది. 1960లో మన నేవీ 300 స్క్వాడ్రన్‌కి సీ హాక్‌లు వచ్చాయి. 1983లో సీ హారియర్ జెట్లు వచ్చి వీటి చోటు తీసుకున్నాయి.

వైజాగ్ అనగానే "డేగా!" అన్నాడు, అక్కడి నేవీ ఎయిర్ స్టేషన్ పేరు. మా భాషలో హాక్ అంటే డేగే అంటే పగలబడి నవ్వాడు.

1971 పాకిస్తాన్ యుద్ధంలో, డిసెంబరు 3 అర్ధరాత్రి వైజాగ్ వన్ టౌన్‌లో మా అమ్మ వాళ్ల కిటికీలు దడదడలాడాయి. బాంబు పడిందనుకుని అందరూ మంచాల కింద దూరారు. తీరానికి దగ్గర్లో పాకిస్తాన్ జలాంతర్గామి ఘాజీ మునిగిన చప్పుడది. ఘాజీ ఏ ఓడను వెతుక్కుంటూ వచ్చిందో ఆ విక్రాంత్, మన విమానవాహక నౌక, అసలక్కడ లేదు, అండమాన్ వైపు దాచారు. బాయిలర్ పగిలి పూర్తి వేగం అందుకోలేని ఆ ఓడ మీది నుంచే మర్నాడు సీ హాక్‌లు లేచి అప్పటి తూర్పు పాకిస్తాన్‌లోని కాక్స్ బజార్ మీద పడ్డాయి.

ఫొటో పంపితే అమ్మ ఫోన్ చేసింది. "ఈ బుల్లిదానికా మేం నల్ల కాగితాలంటించుకుని చీకట్లో అన్నాలు తిన్నది?"

తిరుగు బస్సు గంటసేపు రాలేదు. టాక్సీ వచ్చింది. ఆరొందలు.