గీత బయట ఐదుగురు

టోక్యో ఒలింపిక్స్‌లో జపాన్ అమ్మాయిల బాస్కెట్‌బాల్ మ్యాచ్‌లు మళ్లీ చూశాను. అబ్బ, ఏం ఆట! 190 సెంటీమీటర్లు దాటినవాళ్లు జట్టులో ఒక్కరూ లేరు. అందుకే కోచ్ టామ్ హోవాస్ ఐదుగురితోనూ 6.75 మీటర్ల త్రీ పాయింట్ గీత (దాని బయటి నుంచి వేస్తే మూడు పాయింట్లు) బయటే ఆడించాడు. అవతలి జట్టు సెంటర్, అంటే రింగ్ దగ్గర కాపుండే పొడవాటి ప్లేయర్, రింగ్ వదిలి బయటికి రాక తప్పదు. ఆ ఖాళీలోకి 162 సెంటీమీటర్ల రుయి మచిదా దూసుకెళ్లేది, డిఫెండర్లు ముసురుకోగానే మూలన ఉన్న షూటర్‌కి పాస్. ఫ్రాన్స్‌తో సెమీస్‌లో మచిదావి 18 అసిస్టులు (బాస్కెట్‌గా మారిన పాస్‌లు), ఒలింపిక్ రికార్డు!

క్వార్టర్స్‌లో బెల్జియంపై 86-85, చివరి క్షణాల్లో సాకి హయాషి త్రీతో. అమెరికాతో ఫైనల్లో మాత్రం త్రీలు సరిగా పడలేదు. రింగ్ దగ్గర 206 సెంటీమీటర్ల అమెరికా సెంటర్ గ్రైనర్ చేతికి బంతి అందితే ఆపేదెవరు? ఆమెవే 30 పాయింట్లు. అమెరికా 90-75తో గెలిచింది. అయినా జపాన్ బాస్కెట్‌బాల్‌కి అదే తొలి ఒలింపిక్ పతకం.